మా చెల్లెలి పెండ్లి ఏ కోర్టులో తేలాలి? తిరుపతి, చిత్తూరు న్యాయవాదులకు బహిరంగ లేఖ

తిరుపతి, చిత్తూరు కోర్టుల్లో ప్రాక్టీసు చేస్తున్న న్యాయవాదులకు, మీ ఆఫీసుల్లో కాగితాలు సిద్ధం చేసే గుమాస్తాలకు,

నమస్కారం.

నేను 32 ఏండ్లు బడిపిల్లలకు తెలుగు చెప్పి రిటైరయిన పంతులమ్మను. మాది చంద్రగిరి దగ్గర పల్లె. లా చదువుకోలేదు. ఈ ఉత్తరంలో చట్టం గురించి రాసేదంతా మా చెల్లెలి వెంట కోర్టు వరండాల్లో నిలబడి, తెలియనిది అడిగి, తీర్పులు తెచ్చుకుని ఒకటికి నాలుగుసార్లు చదివి తెలుసుకున్నదే. తప్పుంటే దిద్దండి. కానీ చివరిదాకా చదవండి.

ఆరేండ్లు ఎదురుచూసినాక మా చెల్లెలికి హైకోర్టు నుంచి రెండు పేజీల ఉత్తర్వు వచ్చింది. అందులో ఉన్నది ఇంతే. పిటిషనరు తానే భార్యనంటోంది, ఎదుటి మనిషి కాదు నేనంటోంది. ఇది సాక్ష్యం తీసుకుని తేల్చాల్సిన సంగతి, రిట్ విచారణలో, అంటే అధికారుల తీరు మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషనులో, తేలేది కాదు. పిటిషనరు తగిన కోర్టుకు పోవచ్చు. ఎవరి హక్కు మీదా ఇక్కడ ఏ అభిప్రాయమూ చెప్పడం లేదు.

ఆ ఆఖరి వాక్యం మా ఊరికి చేరలేదు. ఉత్తర్వు నెట్‌లో పెట్టినారు, పేర్లతో సహా. వీధి చివర టీ అంగడి దగ్గర ఎవరో కుర్రోడు ఫోన్లో చూసి, "అమ్మణ్ణి భార్య కాదని హైకోర్టే చెప్పేసిందంట" అన్నాడు. సాయంత్రానికి ఆ మాట ఊరంతా తిరిగింది. మరుసటి శుక్రవారం పక్కింట్లో వ్రతం. ప్రతిసారీ ఆ ఇంటి పిల్ల గడపదాకా వచ్చి పిలిచేది. ఆ వారం రాలేదు. భర్త పోయినప్పుడు కూడా మా చెల్లెలు అంత కుమిలిపోవడం నేను చూడలేదు. మొగుడు పోతే వితంతువు. ఆ రోజు ఊరు ఆమెకు ఆ పేరు కూడా మిగల్చలేదు.

జడ్జిగారి మీద నాకు ఫిర్యాదు లేదు. ఆయన రాసింది సరైనదే అని ఇప్పుడు తెలుసు. నా బాధంతా ఆ రెండు పేజీల కోసం ఆమెను అంత దూరం పంపినవాళ్ళ మీద. ఆ పంపినవాళ్ళలో నేనూ ఉన్నాను. అందుకే ఈ ఉత్తరం.

మా మరిది ప్రభుత్వోద్యోగి. సర్వీసులో ఉండగానే గుండెపోటుతో పోయినాడు. కుటుంబ పెన్షనుకు, గ్రాట్యుటీకి, పిల్లోడి కారుణ్య నియామకానికి ముందు కావాల్సింది కుటుంబ సభ్యుల ధ్రువీకరణ పత్రం. తాసిల్దారు ఆఫీసులో దరఖాస్తు పెట్టినాం. మూడో వారంలో ఇంకొకావిడ, ఇద్దరు పిల్లలతో వచ్చి, అదే మనిషికి తానే భార్యనని అదే ఆఫీసులో ఇంకో దరఖాస్తు పెట్టింది. ఆవిడ అబద్ధం చెప్తోందని ఈ ఉత్తరంలో రాయను. కేసు ఇప్పుడు ఫ్యామిలీ కోర్టులో ఉంది, ఎవరిది నిజమో అక్కడ తేలాలి. ఆ పిల్లల ముఖాలు మాత్రం నేను మరచిపోలేను. వాళ్ళ నాయన పెండ్లి చెల్లకపోయినా వాళ్ళు అక్రమ సంతానం కారని 1955 నాటి హిందూ వివాహ చట్టం 16వ సెక్షను చెప్తోంది. ఆ మాట తెలిసినాకే నాకు రొంత మనసు కుదుటపడింది.

ఇద్దరు వచ్చేసరికి ఆఫీసులో ఫైలు ఆగిపోయింది. తిరుపతిలో పెద్ద పేరున్న ఒక వకీలు దగ్గరికి పోయినాం. ఆయన ఓపిగ్గానే విన్నాడు. "అధికారి తన పని చెయ్యడం లేదు, ఇది మాండమస్‌కు సరిపోయే కేసు, ఆరు నెలల్లో అయిపోతుంది" అన్నాడు. మాండమస్ అంటే చెయ్యాల్సిన పని చెయ్యమని అధికారికి హైకోర్టు ఇచ్చే ఆదేశం. నాకు ఆ మాట తర్కంగానే అనిపించింది. ఇవ్వాల్సినవాడు ప్రభుత్వాధికారి, ఇవ్వలేదు, కాబట్టి ఇవ్వమని హైకోర్టు చెప్పాలి. ఎందుకు ఇవ్వలేదన్నది ఆ రోజు మేమెవరమూ అడగలేదు.

మొదటి రిట్ గెలిచినాం. ఎనిమిది వారాల్లో దరఖాస్తును పరిశీలించి చట్ట ప్రకారం ఉత్తర్వులివ్వమని కోర్టు చెప్పింది. నేను మైసూర్‌పాక్ తెచ్చి వీధిలో పంచినాను. తర్వాత వీఆర్వో వచ్చినాడు, మహజరు రాసినాడు, ఇరుగుపొరుగుతో సంతకాలు పెట్టించుకున్నాడు. ఎనిమిది వారాలకు ఒక కాగితం వచ్చింది: "ఇద్దరు భార్యలమని చెప్పుకుంటున్నందున సివిల్ కోర్టును ఆశ్రయించగలరు." కోర్టు పరిశీలించమంది, ఆయన పరిశీలించినాడు. మా చేతిలో ఉన్న ఉత్తర్వుకు అంతకు మించి అర్థం లేదని ఎవరూ మాకు చెప్పలేదు. ఆ కాగితం మీద రెండో రిట్ వేసినాం. ఎదుటావిడ కూడా అందులో పార్టీగా చేరింది. కౌంటరు, దానికి రిప్లై, ఇంకో అఫిడవిట్టు. పైన చెప్పిన రెండు పేజీలు ఆ రెండో రిట్‌వి.

హైకోర్టున్న నేలపాడుకు మా చెల్లెలు ఒక్కసారే పోయింది, నేను తోడు. రాత్రి రైలెక్కి బెజవాడలో దిగి, బస్సు పట్టుకుని పోయినాం. హాల్లో వెనక వరసలో కూచున్నాం. మా నంబరు పిలిచినప్పుడు చెల్లెలు లేచి నిలబడింది. ముందు ముగ్గురు లాయర్లు మాట్లాడుకున్నారు. మూడు నిమిషాలు కూడా పట్టలేదు, వాయిదా పడింది. బయటికొచ్చినాక వేపచెట్టు కింద కూచుని అడిగింది: "అక్కా, జడ్జిగారు నన్ను చూడనేలేదు. నేనొచ్చినానని ఆయనకు తెలుసునా?"

ఆ ప్రశ్నకు జవాబు వెతుక్కుంటూ పోతే నాకు చట్టం అర్థమయింది. రాజ్యాంగం 226వ అధికరణం హైకోర్టుకు ఇచ్చిన అధికారం చాలా పెద్దది. కానీ ఆ అధికారం కాగితాల మీద నడుస్తుంది. రెండు పక్షాలూ అఫిడవిట్లు వేస్తాయి. వాటిని బట్టి అధికారి చట్టం దాటినాడా, చెయ్యాల్సింది చెయ్యకుండా కూచున్నాడా అని కోర్టు చూస్తుంది. బోనెక్కించి ప్రమాణం చేయించి అడిగే పద్ధతి అక్కడ మామూలుగా ఉండదు. చిక్కు సాక్ష్యాన్ని విడదీసి చూడాల్సిన పనిలోకి హైకోర్టు రిట్‌లో సాధారణంగా దిగదని 1964లోనే థాన్‌సింగ్ నత్మల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే ఇది పూర్తి నిషేధం కాదు. వాస్తవాల మీద తగువుందన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసెయ్యకూడదని 1969లో గున్వంత్ కౌర్ కేసులో అదే కోర్టు అంది, 2003లో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో మళ్ళీ అంది. మా వకీలు ఈ రెంటినీ చూపించే మాకు ధైర్యం చెప్పినాడు. ఆ కేసుల్లో ఒకటి మునిసిపాలిటీ భూసేకరణ, ఇంకొకటి బీమా ఒప్పందం. రెండూ ప్రభుత్వ సంస్థలతో వచ్చిన తగువులు, కాగితం పక్కన కాగితం పెట్టి చూడగలిగినవి. ఒక ఆడమనిషి మెడలో ఎవరు, ఎప్పుడు, ఎక్కడ తాళి కట్టినారన్నది ఆ జాతిది కాదు.

కాణిపాకం సంగతి మీకు నేను చెప్పక్కరలేదు. మన జిల్లాల్లో మాట మాట పెరిగితే "కాణిపాకం వచ్చి ప్రమాణం చేస్తావా" అని అడుగుతాం. కోనేట్లో మునిగి, తడిబట్టలతో వరసిద్ధి వినాయకుడి ముందు నిలబడి అబద్ధం చెప్పేందుకు ఇప్పటికీ జనం భయపడతారు. అఫిడవిట్టును మనం తెలుగులో ప్రమాణ పత్రం అనే అంటాం. ఎదుటావిడా ప్రమాణ పత్రం వేసింది, మా చెల్లెలూ వేసింది. రెండూ ఒకే రకం కాగితం, ఒకే రకం టైపు, "నాకు తెలిసినంతవరకు నిజం" అనే అదే ఆఖరి వాక్యం. కాణిపాకంలో మనిషి ముఖం మనిషి చూస్తాడు. గొంతు తడబడితే వింటాడు. ఈ రెండు కాగితాల్లో దేనికి గొంతు ఉంది? జడ్జిగారు దేన్ని నమ్మాలి?

రిట్‌లో ఏది తేలుతుంది, ఏది తేలదన్న ఈ గీతను ఇంకో వైపు నుంచి కూడా చూడండి, ఎందుకంటే మీలో కొందరు నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందుకు తెమ్మని హెబియస్ కార్పస్ పిటిషన్లు కూడా వేస్తుంటారు. కేరళలో హాదియా కేసు గుర్తుండే ఉంటుంది. తండ్రి వేసిన హెబియస్ కార్పస్ పిటిషన్‌లో 2017లో అక్కడి హైకోర్టు ఆ అమ్మాయి పెండ్లినే రద్దు చేసింది. 2018లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. మేజరైన అమ్మాయి కోర్టుకొచ్చి నేను నా ఇష్టంతోనే ఉన్నానని చెప్తే ఆ పిటిషను పని అయిపోయినట్టే, పెండ్లి చెల్లుతుందా లేదా అని తేల్చే చోటు అది కాదని చెప్పింది. మా చెల్లెల్ని వెనక్కి పంపిన గీతే ఆ అమ్మాయి సంసారాన్ని నిలబెట్టింది. ఇది తెలిసినప్పటినుంచి ఆ గీత మీద నాకు కోపం పోయింది.

2024లో సుప్రీంకోర్టు నుంచి వచ్చిన ఇంకో తీర్పును మీరు చాలాసార్లు ఉదహరిస్తుంటారు. ఇద్దరు పైలట్లు. శాస్త్రోక్తమైన తంతు ఏదీ లేకుండానే సర్టిఫికెట్టు తీసుకున్నారు, తర్వాత తగువు పడినారు. తంతు జరగని హిందూ వివాహం వివాహమే కాదని, ఒట్టి రిజిస్ట్రేషన్ కాగితం దానికి ప్రాణం పోయలేదని జస్టిస్ బి.వి. నాగరత్న ధర్మాసనం తేల్చింది. దాన్ని చూసి, మరి అక్కడ రాజ్యాంగ న్యాయస్థానమే పెండ్లి లేదని చెప్పింది కదా అని నేను మా వకీలుతో వాదించినాను. తీర్పు మొత్తం చదివినాక కానీ తెలియలేదు: తంతు జరగలేదని అక్కడ ఇద్దరూ ఒప్పుకున్నారు. ఇద్దరూ కలిసే అడిగినారు. పూర్తి న్యాయం చేసేందుకు సుప్రీంకోర్టుకు మాత్రమే అధికారమిచ్చే 142వ అధికరణం కింద కోర్టు ప్రకటన ఇచ్చింది. జరిగిందేమిటో తగువు లేనప్పుడు, దానికి చట్టంలో పేరేమిటో పెద్ద కోర్టు చెప్పగలదు. మా ఇంట్లో తగువు జరిగిందేమిటన్న దగ్గరే.

మన సరిహద్దు ఊళ్ళలో ఈ తగువు ఎంత చిక్కుపడుతుందో చెప్తాను. మా చెల్లెలి పెండ్లి మా ఇంటి ముందు చప్పరం కింద, పురోహితుడితో, మేళంతో జరిగింది. ఎదుటావిడ తన పెండ్లి తిరుత్తణిలో దండలు మార్చుకుని జరిగిందంటోంది. 1960 దాకా తిరుత్తణి మన చిత్తూరు జిల్లాలోదే, మనవాళ్ళ చుట్టరికాలు ఇప్పటికీ అటు పక్కన ఉన్నాయి. కానీ సరిహద్దు దాటితే చట్టం మారుతుంది. తమిళనాడు 1967లో హిందూ వివాహ చట్టానికి 7-ఏ సెక్షను చేర్చుకుంది. బంధుమిత్రుల ముందు దండలు మార్చుకున్నా, ఉంగరాలు మార్చుకున్నా, తాళి కట్టినా అక్కడ పెండ్లి చెల్లుతుంది, పురోహితుడు అక్కరలేదు. అంటే దండల పెండ్లి నిజంగా జరిగిందా, జరిగితే ఏ గడ్డ మీద జరిగింది, చప్పరం కింది పెండ్లికి ముందా వెనకా? ముందుదే నిలిస్తే రెండోది 5, 11 సెక్షన్ల కింద మొదటినుంచీ చెల్లనిదే. ఇన్ని ప్రశ్నలకు జవాబు ఆధార్ కార్డులో దొరకదు, రేషన్ కార్డులో దొరకదు, వీఆర్వో మహజరులోనూ దొరకదు.

వీటిని తేల్చడానికే ఒక కోర్టు ఉంది. 1984 నాటి కుటుంబ న్యాయస్థానాల చట్టం 7వ సెక్షను చదవండి. వివాహం చెల్లుతుందా, ఒక మనిషి వైవాహిక స్థితి ఏమిటి అని ప్రకటన కోరే దావాలు అక్కడికే పోవాలని అందులో సూటిగా ఉంది. "భార్యను" అని చెప్పమన్నా, "భార్య కాదు" అని చెప్పమన్నా ఆ ప్రకటన ఫ్యామిలీ కోర్టు పరిధేనని 2016లో సుప్రీంకోర్టు కూడా చెప్పింది. మా వకీలుకు ఇది తెలియదని నేను అనుకోను. రిట్ త్వరగా అవుతుందని ఆయన నమ్మినాడు, మేమూ నమ్మినాం. ఇద్దరం కలిసి ఆరేండ్లు పోగొట్టుకున్నాం.

ఆ ఆరేండ్లలో ఏం పోయిందో వినండి. పెండ్లి చేయించిన పురోహితుడు పోయినాడు. నాదస్వరం వాయించిన ఆయన రెండో రిట్ నడుస్తుండగా పోయినాడు. పోకముందు ఒక ఏడాది మంచం మీదున్నాడు, చూడ్డానికి పోతే నన్ను గుర్తుపట్టి, మరిది ఊరేగింపులో ఏ కీర్తన అడిగి వాయించుకున్నాడో చెప్పినాడు. నేను కండ్లు తుడుచుకుని వచ్చేసినాను. అలాంటి సాక్షి దగ్గరికి కోర్టు కమిషనరే ఇంటికొచ్చి వాంగ్మూలం రాసుకునే వీలుందని, సివిల్ ప్రొసీజరు కోడు 26వ ఆర్డరులో అది ఉందని, సరైన కారణం చూపితే సాక్షిని ముందుగానే విచారించమని 18వ ఆర్డరు కింద అడగొచ్చని నాకు అప్పుడు తెలియదు. తెలిసినా ఏం లాభం? ఆ రోజు మాకు ఉన్నది రిట్. సాక్షిని విచారించే దావా ఎక్కడా లేదు. పెండ్లిలో తీసిన ఫోటోలు 2021 నవంబరు వానలకు ఇంట్లోకి నీళ్ళొచ్చినప్పుడు ముద్దయిపోయినాయి.

మిగిలింది చదివింపుల పుస్తకం. పొడుగాటి నోటుబుక్కు. మా నాయన చేతిరాత. ఎవరు 11 రూపాయలు చదివించినారు, ఎవరు 51, ఎవరు 116, ఎవరు ఇత్తడి బిందె తెచ్చినారు, అన్నీ వరసగా ఉన్నాయి. మొదటి పేజీలో పసుపు, కింద ముహూర్తం, పెండ్లికొడుకు పేరు, ఆయన తండ్రి పేరు. మొదటి రిట్ వేసేటప్పుడే దీన్ని వకీలు ఆఫీసుకు తీసుకపోయినాను. గుమాస్తా తిరగేసి, "ఇది అక్కడ పనికిరాదమ్మా, మెటీరియల్ పేపర్లలో ఆఫీసు కాగితాలే పెట్టాలి" అని తిరిగిచ్చేసినాడు. అదే పుస్తకాన్ని ఫ్యామిలీ కోర్టులో చూపించినప్పుడు జడ్జమ్మ పేజీలు నిదానంగా తిప్పినారు. సాక్ష్య చట్టం లెక్కల్లో సరిగ్గా ఇమడని కాగితమైనా, తగువు తేల్చడానికి పనికొస్తుందనుకుంటే ఫ్యామిలీ కోర్టు తీసుకోవచ్చని కుటుంబ న్యాయస్థానాల చట్టం 14వ సెక్షనులో ఉంది. తీసుకోవడమంటే నమ్మేసినట్టు కాదని ఆమే చెప్పినారు. ఎదుటి లాయరు దాని మీద గట్టిగానే అడిగినాడు. అడగనీ. అది ఆయన పని.

ఇంకో సంగతి నాకు పాఠం చెప్పినంత స్పష్టంగా అర్థమయింది. ఇద్దరు పెండ్లయినవాళ్ళా కాదా అనే ప్రశ్న వస్తే, బంధువులూ స్నేహితులూ వాళ్ళను భార్యాభర్తలుగానే చూసేవాళ్ళన్నది సాక్ష్యంగా పనికొస్తుందని పాత సాక్ష్య చట్టం 50వ సెక్షను కింద ఉదాహరణే ఇచ్చినారు. 2024 జూలై 1 నుంచి దాని స్థానంలో భారతీయ సాక్ష్య అధినియం వచ్చింది. పేరు మారినా మన ఊళ్ళు మారలేదు. గృహప్రవేశంనాడు పీటల మీద కూచున్నది ఎవరు? గంగజాతరకు మరిది చేత్తో చీర కొనించుకున్నది ఎవరు? దినాలనాడు ఊరంతా చూస్తుండగా గాజులు తీసింది ఎవరి చేతికి? ఇవన్నీ చూసినవాళ్ళు బతికే ఉన్నారు. 1978లో బద్రీ ప్రసాద్ కేసులో జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ ఇదే సంగతి పట్టించుకున్నారు. యాభై ఏండ్లు కలిసి బతికినవాళ్ళను, ఆనాటి పెండ్లిని కండ్లారా చూసినవాళ్ళతో రుజువు చెయ్యమంటే నెగ్గేవాళ్ళు ఎంతమంది ఉంటారని. దీర్ఘకాలం భార్యాభర్తలుగా బతికితే పెండ్లి జరిగిందనే చట్టం భావిస్తుంది. ఆ భావనను ఎదుటి పక్షం సాక్ష్యంతో పడగొట్టవచ్చు. నిలబెట్టడానికీ పడగొట్టడానికీ, రెండింటికీ బోను కావాలి.

మన స్థల పురాణంలోనే చూడండి. నారాయణవనంలో పద్మావతమ్మను పెండ్లాడటానికి శ్రీనివాసుడు కుబేరుడి దగ్గర అప్పు చేసినప్పుడు, పత్రం రాసి ఊరుకోలేదు. బ్రహ్మ సాక్షి, శివుడు సాక్షి, అశ్వత్థ వృక్షం సాక్షి. చిన్నప్పుడు మా అవ్వ ఈ కథ చెప్తే, చెట్టును ఎందుకు సాక్షి పెట్టుకున్నారవ్వా అని అడిగేదాన్ని. "అది యాడికీ పోదు కదమ్మా" అనేది.

మా చెల్లెలు ఫ్యామిలీ కోర్టులో సాక్ష్యం చెప్పిన రోజు నేను బయట బెంచీ మీద ఉన్నాను. ఏ పక్షం కోరినా తలుపులు మూసి విచారించాలని కుటుంబ న్యాయస్థానాల చట్టం 11వ సెక్షను. మేం కోరినాం. ముఖ్య విచారణ అఫిడవిట్టుతోనే మొదలయింది, కానీ ఆ తర్వాత ఎదుటి లాయరు ప్రశ్నలు, క్రాస్. గంటకు పైగా పట్టింది. బయటికొచ్చినాక ఏమడిగినారంటే, పెండ్లికి వంట ఎవరు చేసినారు, తలంబ్రాలప్పుడు పొద్దున్నా సాయంత్రమా, మరిది ఏ రంగు పంచె కట్టినాడు, అత్తగారి పుట్టింటి పేరేమి, ఇట్లాంటివి. ఒకచోట ఆమెకు ఏడుపొచ్చి ఆగిపోతే జడ్జమ్మ పెన్ను కింద పెట్టి ఆమె వైపే చూస్తూ ఆగినారంట. సాక్షి తీరు ఎట్లా ఉందో జడ్జి రాసుకోవచ్చని కోడులోనే ఉందని మా కొత్త వకీలమ్మ చెప్పింది. ఏం రాసుకున్నారో మాకు తెలియదు. మాకు వ్యతిరేకంగానైనా రాసుకుని ఉండొచ్చు. ఆ రాత్రి మాత్రం చెల్లెలు రెండు సంగటి ముద్దలు తినింది. "నన్ను అడిగినారక్కా" అనింది.

ఇప్పుడు మీతో నా మనవి.

ఏ ఆడమనిషైనా ఇట్లాంటి కాగితాలు పట్టుకుని మీ గడప తొక్కితే, రిట్ ముసాయిదా తెరిచే ముందు ఒక్క మాట అడగండి: "నువ్వు భార్యవు కాదని ఇంకెవరైనా అంటున్నారా అమ్మా?" ఎవరూ అనడం లేదు, అధికారే అక్కరలేని కాగితాలు అడిగి తిప్పుతున్నాడంటే రిట్ వెయ్యండి, నిండు మనసుతో వెయ్యండి. కోర్టు డిక్రీ చేతిలో ఉన్నా పెన్షను ఆఫీసు ఖాతరు చెయ్యకపోతే వెయ్యండి. ఫైలు మీద ఏ నిర్ణయమూ రాయకుండా ఏండ్ల తరబడి కూచుంటే వెయ్యండి. ఒక మనిషిని ఎవరైనా గదిలో పెట్టి తాళమేస్తే రాత్రికి రాత్రే వెయ్యండి. కానీ ఇంకొకరు ఎదురు నిలబడి నేనూ భార్యనే అంటుంటే, ఆ వారంలోనే ఫ్యామిలీ కోర్టులో ప్రకటన దావా వెయ్యండి. డబ్బు ఎవరికీ చెల్లించకుండా ఆపమని అందులోనే మధ్యంతర ఉత్తర్వు అడగండి. ముసలి సాక్షులెవరో మొదటి రోజే రాసుకోండి.

ఇప్పటికే రిట్‌లో ఉన్నవాళ్ళకు గడువు సంగతి చెప్పండి. ప్రకటన దావాకు లిమిటేషన్ చట్టం 58వ ఆర్టికల్ కింద మూడేండ్లే. మా చెల్లెలికి ఆ గడువు ఎప్పుడో దాటిపోయింది. మంచి ఉద్దేశంతో, శ్రద్ధగా వేరే కోర్టులో గడిపిన కాలాన్ని తీసెయ్యమని అదే చట్టం 14వ సెక్షను కింద అడుగుతున్నాం, ఎదుటి పక్షం ఒప్పుకోవడం లేదు. అది కూడా తేలాలి. మొదటి రోజే సరైన గడప ఎక్కి ఉంటే ఈ తగువు ఉండేదే కాదు.

ఆడవాళ్ళకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుందని 1987 నాటి న్యాయ సేవల చట్టం 12వ సెక్షను చెప్తోంది. 15100 నంబరుకు ఫోన్ చెయ్యొచ్చు. మా దగ్గర ఫీజు తీసుకున్నవాళ్ళలో ఒక్కరు కూడా ఈ మాట చెప్పలేదు. వకీళ్ళ కడుపు కొట్టాలని అడగడం లేదు. గాజులమ్మి ఫీజు కట్టేవాళ్ళకు ఇంకో దారి ఉందని చెప్పమంటున్నాను.

ఇంకొకటి. రిట్ కొట్టేస్తే ఆ ఉత్తర్వు అర్థమేమిటో తెలుగులో, కూచోబెట్టి చెప్పండి. వీలైతే రెండు వాక్యాలు కాగితం మీద రాసివ్వండి: "ఈమె భార్య కాదని కోర్టు చెప్పలేదు. ఈ ప్రశ్న వేరే కోర్టులో తేలాలని చెప్పింది." ఆ రెండు వాక్యాలు మా చేతిలో ఉండి ఉంటే టీ అంగడి దగ్గరికి నేనే తీసుకపోయి చదివేదాన్ని.

తాసిల్దార్లకూ పెన్షను మంజూరు చేసే అధికారులకూ కూడా ఈ ఉత్తరం చేరితే ఒక మాట. "సివిల్ కోర్టును ఆశ్రయించగలరు" అని ఒక వాక్యంతో ఫైలు మూసే ముందు, మీరు ఊళ్ళో ఏం విన్నారో, ఎవరెవరిని అడిగినారో, ఏ కాగితం చూసినారో వివరంగా రాయండి. 2000లో రామేశ్వరీ దేవి కేసులో ఇద్దరు భార్యల తగువు వచ్చినప్పుడు, ప్రభుత్వం తానే విచారణ జరిపి పెన్షను సంగతి తేల్చడాన్ని సుప్రీంకోర్టు తప్పుపట్టలేదు, రెండో ఆమె పిల్లల వాటా కూడా నిలబెట్టింది. తేల్చలేకపోతే మానె, ఏ కోర్టుకు పోవాలో పేరు రాయండి. సివిల్ కోర్టు అని రాస్తే మాలాంటివాళ్ళం ఊళ్ళో ఉన్న మున్సిఫ్ కోర్టు నుంచి నేలపాడు దాకా అన్ని గడపలూ ఎక్కుతాం.

తిరుమల మీద కల్యాణ వేదికలో పెండ్లి చేసుకునే పిల్లల్ని చూసినప్పుడల్లా నాకు భయమేస్తుంది. ఎక్కడెక్కడినుంచో వస్తారు, పక్కన నలుగురే ఉంటారు, మధ్యాహ్నానికి కొండ దిగి ఎవరి ఊరికి వాళ్ళు పోతారు. 2002 నుంచి మన రాష్ట్రంలో ప్రతి పెండ్లినీ నమోదు చేయించాలని చట్టం ఉంది. నమోదు లేనంత మాత్రాన పెండ్లి చెల్లకుండా పోదు, నమోదు ఒక్కటే పెండ్లి చెయ్యదు. అయినా అది బలమైన సాక్ష్యం. మీ దగ్గరికి ఏ పని మీద వచ్చిన కొత్త దంపతులకైనా దయచేసి చెప్పండి.

వచ్చే వాయిదాకు మా చెల్లెలి తాళిబొట్టు చేసిన ఆచారి వస్తానన్నాడు. ఆయనకు 80 దాటింది. మొన్న ఇంటికి పోయి అడిగితే, కండ్లద్దాలు పెట్టుకుని బొట్టును అరచేతిలో తిప్పి చూసి, "నా చేత్తో అతికింది నాకు తెలీదా తల్లీ" అన్నాడు. మెట్లెక్కలేడు. ఆ రోజు కోర్టు దగ్గర మీలో ఎవరైనా ఉంటే, తెల్ల పంచె, చేతికర్ర, పక్కన నేను. రొంత చెయ్యి పట్టుకోండి. చదివింపుల పుస్తకం కోర్టులో దాఖలయింది, దాన్ని చుట్టిన పసుపు గుడ్డ నా సంచిలోనే ఉంటుంది.

ఇట్లు,
ఒక రిటైర్డ్ తెలుగు పంతులమ్మ
చంద్రగిరి మండలం, తిరుపతి జిల్లా